ఆ రెండు డబ్బాలు పక్కపక్కనే ఎందుకున్నాయి?

సంపాదకులు గారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ అనుబంధంలో మనసు గురించి ఒక వ్యాసం వచ్చింది. ఎవరైనా ఘాటుగా విమర్శిస్తే పట్టించుకోనక్కర్లేదనీ, అలాంటివాళ్లని దూరం పెట్టేసి మనల్ని మనం ప్రేమించుకోవాలనీ అందులో ఉంది. రాసినవారి ఉద్దేశం మంచిదే. కానీ విమర్శించినవాడి మాట నిజమైతే? తప్పు నిజంగా మనదే అయితే? ఆ సంగతి ఒక్క వాక్యంలోనైనా లేదు. రెండుసార్లు చదివాక ఈ ఉత్తరం రాయకుండా ఉండలేకపోయాను. కాస్త పొడుగవుతుంది, మన్నించండి. తగ్గించి వేసుకున్నా ఫర్వాలేదు గానీ, ఫోన్ నంబరు ఉన్న చోటు మాత్రం తీయకండి.

నేను పర్లాకిమిడిలో ఒక మందుల షాపులో ఫార్మసిస్టుని. షాపు నాది కాదు, జీతానికి చేస్తున్నాను. ఇరవై రెండేళ్లుగా అదే కౌంటరు వెనక నిలబడుతున్నాను. ఊరు ఒడిశాలో ఉన్నా మా వీధి అంతా తెలుగే. ఆంధ్రా వైపు పాతపట్నం పక్కనే. మా కౌంటరు దగ్గర తెలుగు, ఒడియా, కొండల మీద నుంచి దిగినవాళ్ల సవర భాష మూడూ వినపడతాయి. మూడింట్లోనూ 'పొద్దున్న ఒకటి, రాత్రి ఒకటి, తిండికి ముందు' అని చెప్పగలను. ఆ మాట చెప్పగలనన్న ధీమాతోనే ఇన్నేళ్లు బతికాను.

గత ఏడాది రథయాత్ర రోజు ఊరు కిక్కిరిసిపోయింది. రోడ్డు మీద జనం, షాపులో జనం. మా షాపుకి ఏళ్ల తరబడి వచ్చే పెద్దాయన ఒకరు నెల మందులకి చీటీ పంపించారు. షుగరు మాత్ర, గ్లిమెపిరైడూ మెట్‌ఫార్మినూ కలిసినది. అందులో గ్లిమెపిరైడు ఒక మిల్లీగ్రాము ఉన్నదీ, రెండు మిల్లీగ్రాములున్నదీ అని రెండు రకాలు దొరుకుతాయి. డబ్బా ఒకే రంగు, అక్షరాలు ఒకే తీరు, పేరు చివర 1 అనీ 2 అనీ అంకె ఒక్కటే తేడా. చీటీలో 1 అని ఉంది. నేను 2 ఇచ్చాను.

డాక్టర్ల రాత అర్థం కాదని మా వృత్తిలో అందరం అంటుంటాం. మందుల పేర్లు అర్థమయ్యేటట్టు, వీలైతే పెద్ద అక్షరాల్లో రాయాలని 2016లోనే వైద్యమండలి నియమం తెచ్చింది. ఇప్పటికీ చాలా చీటీలు చూస్తే తలనొప్పి వస్తుంది. కానీ ఆ రోజు చీటీ అలాంటిది కాదు. స్పష్టంగా ఉంది. డాక్టరు గారు 1 చుట్టూ చిన్న సున్నా కూడా చుట్టారు. ఈ ముక్క ముందే రాసేస్తున్నాను, ఎందుకంటే ఆరు నెలల పాటు ఎవరికీ చెప్పలేకపోయిన ముక్క ఇదే.

తొమ్మిది రోజులు ఆయన రోజుకి రెండేసి మాత్రలు వేసుకున్నారు. అంటే రెండు మిల్లీగ్రాముల మందు వెళ్లాల్సిన చోట నాలుగు వెళ్లింది. మధ్యలో రెండు మూడుసార్లు చెమటలు పట్టి కాళ్లు వణికాయట, ఉక్కపోత అనుకున్నారట. తొలి ఏకాదశి నాడు రెండు అరటిపళ్లు తిని, మాత్ర మానకూడదు కదా అని వేసుకుని పడుకున్నారు. తెల్లవారుజామున లేపితే లేవలేదు. ఆసుపత్రికి తీసుకెళ్లేసరికి షుగరు 38. డెబ్బైకి తగ్గితేనే తక్కువ అంటాం. నరంలోంచి గ్లూకోజు ఎక్కించారు. ఆ జాతి మందు ఒంట్లో చాలాసేపు ఉంటుంది, ఒకసారి పెరిగిన షుగరు మళ్లీ పడిపోవచ్చు. అందుకని రెండు రోజులు అక్కడే ఉంచారు. మనిషి దక్కారు.

మూడో రోజు వాళ్లబ్బాయి షాపుకి వచ్చాడు. చేతిలో చీటీ, మా బిల్లు, సగం వాడిన స్ట్రిప్. మూడూ కౌంటరు మీద పరిచి, 'సూడు. సదువు. పైకి సదువు' అన్నాడు. చదివాను. 'మందులమ్ముతున్నావా, పేణాలు తీస్తన్నావా?' అని అరిచాడు. ఇంకా చాలా అన్నాడు. ఎవరో సెల్‌ఫోన్‌లో తీశారు. సాయంత్రానికి ఊళ్లో గ్రూపులన్నిట్లోనూ నా మొహమే. 'ఇలాంటివాణ్ని జైల్లో పెట్టాలి' అని రాసినవాళ్లలో నేను అర్ధరాత్రి తలుపు తీసి జ్వరం మందు ఇచ్చినవాళ్లూ ఉన్నారు. మా ఓనరు గారు 'ఇరవై ఏళ్ల నమ్మకం ఒక్కపూటలో గంగలో కలిపేశావు' అన్నారు. ఉద్యోగం తీయలేదు, అది ఆయన మంచితనం. మా అన్నయ్య ఇంటికి వచ్చి, అంతా విని, చివరికి 'నువ్వు చిన్నప్పట్నించీ అంతేరా' అన్నాడు.

వీధిలో అన్న మాటలు వీధిలో ఉండిపోయాయి. ఇది మాత్రం ఇంట్లోకి వచ్చి కూర్చుంది.

మా నాన్నగారు తెలుగు మాస్టారు. డిక్టేషన్‌లో తప్పుకొక దెబ్బ. దెబ్బలు నాకు గుర్తు లేవు, లెక్క గుర్తుంది. 'ఏడు' అనేవారు, నేను చెయ్యి చాపేవాణ్ని. నలభై ఏడేళ్ల వయసులో, షాపులో కూర్చుని, ఎవరూ ఏమీ అనకపోయినా నాకు ఆ లెక్క వినపడేది. తప్పు చేసినవాణ్ని తిట్టడానికి లోపలే ఒకడు కుర్చీ వేసుకుని కూర్చుంటాడు. పెద్దాయన కొడుకు పది నిమిషాలు తిట్టి వెళ్లిపోయాడు, వీడు ఆరు నెలలు తిట్టాడు.

మొదటి నెల నిద్ర లేదు. టెన్షన్‌తో ప్రతి స్ట్రిప్పూ నాలుగుసార్లు చూసేవాణ్ని. ఆ తర్వాత, ఎప్పుడని చెప్పలేను, అంతా ఆగిపోయింది. బాధ తగ్గిందనుకున్నాను. తగ్గలేదు, మొద్దుబారింది. దసరాకి మా అమ్మాయి బరంపురం నుంచి ఫోను చేసి నర్సింగు మొదటి ఏడాది పాసయ్యానని చెప్పింది. 'సరేనమ్మా' అని ఫోను పెట్టేశాను. రెండు నిమిషాల్లో మా ఆవిడ ఫోను మోగింది, అమ్మాయే, ఏడుస్తోంది, 'నాన్నకి ఒంట్లో బాగోలేదా' అని. ఆ ఏడుపు నాకు గోడ అవతల రేడియోలా వినపడింది. మా అమ్మ తరవాణి కలిపి, ఉల్లిపాయా మిరపకాయా పక్కన పెట్టి, గిన్నె నా ముందు పెట్టేది. చిన్నప్పటి నుంచీ నాకు ప్రాణం అది. తింటున్నానని తెలిసేది, పులుపు తెలిసేది కాదు. అమ్మ నా మొహం చూస్తూ, 'ఏడిస్తే ఏడు నాయినా, తిడితే తిట్టు, ఇలా మట్టిబొమ్మలాగ కూకోకు' అంది.

ఇది బయటివాళ్లకి కనపడదు. నేను రోజూ స్నానం చేసి, బొట్టు పెట్టుకుని, టైముకి షాపు తెరిచాను. లెక్క తేడా రాలేదు. పైగా 'తేరుకున్నాడు, గట్టిమనిషి' అన్నారు. మీ పాఠకుల్లో ఎందరు గట్టిమనుషులని పేరు తెచ్చుకుని ఇలా ఉన్నారో అని నాకు ఇప్పుడు భయం వేస్తుంది.

మా వృత్తి మాటల్లో చెప్తాను. పన్ను తీసే ముందు లిగ్నోకెయిన్ సూది ఇస్తారు. పన్ను ఒక్కటే తిమ్మిరెక్కదు, పెదవీ నాలుకా కూడా పోతాయి. కాఫీ తాగితే వేడి తెలియదు, పెదవి కొరుక్కున్నా తెలియదు. మనసూ అంతే. అవమానం ఒక్కదాన్నే ఏరి మొద్దుబార్చడం కుదరదు. దానితో పాటు అమ్మాయి గొంతూ పోతుంది, తరవాణి పులుపూ పోతుంది.

ఇక అసలు సంగతి. అందుకోసమే ఈ ఉత్తరం.

మా షాపులో ఆ రథయాత్ర తర్వాత చేరిన కుర్రాడు ఒకడున్నాడు. సవర పిల్లాడు, గుమ్మ వైపు నుంచి వచ్చాడు. నన్ను 'భాయినా' అంటాడు, ఒడియాలో అన్నయ్య అని. ఆ రోజు తర్వాత నేను షుగరు మందుల రాక్ వైపు చూడలేకపోయేవాణ్ని. చెయ్యి వెళ్లేది కాదు. ఆ మందు చీటీ వస్తే 'అది నువ్వు తియ్యి' అని వాడికి చెప్పేవాణ్ని. నా మీద నాకు గౌరవం లేనట్టు రోజంతా లోలోపల తిట్టుకుంటూ ఉండేవాణ్ని కదా, దాన్ని నేను ప్రాయశ్చిత్తం అనుకున్నాను. ఇంత బాధపడుతున్నాను కాబట్టి ఇక తప్పు జరగదనుకున్నాను.

డిసెంబరులో ఒక సాయంత్రం ఒక స్కూలు టీచరమ్మ వాళ్ల అత్తగారి మందులకి వచ్చింది. కుర్రాడు తీసిచ్చాడు. ఆవిడ స్ట్రిప్ తిప్పి చూసి, 'ఇది రెండండీ, మాకు ఒకటి కదా' అంది. అదే మందు. అదే రాక్. అదే తప్పు.

నేను వాడి మీద పడిపోయాను. ఏమన్నానో తెలుసా? 'నువ్వెప్పుడూ ఇంతేరా' అన్నాను. వాడు చేరి నాలుగు నెలలే! 'ఎప్పుడూ' అనడానికి వాడి దగ్గర నాకు అంత కాలం ఎక్కడుంది? అన్నయ్య మాట నా నోట్లోంచి వచ్చింది. వాడు ఎదురు చెప్పలేదు, ఏడవలేదు. మొహంలో ఉన్నదంతా వెనక్కి వెళ్లిపోయింది. కళ్లు తెరిచే ఉన్నాయి, లోపల ఎవరూ లేరు. ఆ మొహాన్ని ఆరు నెలలుగా మా అమ్మ నాలో చూస్తోందని అప్పుడు తెలిసింది.

రాత్రి షట్టరు దించే ముందు వాడు నేల తుడుస్తూ, నా వైపు చూడకుండా అడిగాడు, 'భాయినా, ఆ రెండు డబ్బాలూ పక్కపక్కనే ఎందుకు పెడతాం?'

సంపాదకులు గారూ, ఆరు నెలల్లో ఆ ప్రశ్న ఎవరూ అడగలేదు. తిట్టినవాళ్లు అడగలేదు, ఓనరు గారు అడగలేదు, వీడియో చూసిన ఊరు అడగలేదు. అందరికన్నా ఎక్కువ తిట్టుకున్న నేను అసలే అడగలేదు. రెండు డబ్బాలూ ఆ రోజు ఎలా ఉన్నాయో అలాగే భుజం భుజం రాసుకుని నిలబడి ఉన్నాయి. నేను నన్ను కొట్టుకోవడంలో తలమునకలై వాటిని కదపలేదు. ఆ రాత్రి ఇద్దరం కలిసి 2 ఉన్న డబ్బాని కింది అరకి మార్చాం. దాని అంచుకి ఎర్ర టేపు అంటించాం. పదిహేను నిమిషాలు కూడా పట్టలేదు.

తప్పు చేసినవాడు తనని తాను అసహ్యించుకుంటే తప్పు తగ్గుతుందని మనవాళ్లకి గట్టి నమ్మకం. ఇళ్లలో, బళ్లలో, ఆఫీసుల్లో ఆ నమ్మకం మీదే తిడతారు. నా అనుభవంలో అది అబద్ధం. అసహ్యం ఉన్న చోటుకి చూపు వెళ్లదు. చూపు వెళ్లని చోట తప్పు అలాగే ఉంటుంది. తెలుగులో 'తప్పు ఒప్పుకోవడం' అంటాం. తప్పుని ఒప్పు అనడం కాదు అది. అది చేసిన చెయ్యి నాదేనని ఒప్పుకోవడం, ఆ చెయ్యి ఉన్న మనిషిగానే రేపు షాపు తెరవడం. నేను మొదటిది నోటితో చేశాను, రెండోది చేయలేదు.

ఆ వారంలోనే 14416కి ఫోను చేశాను. టెలీ మానస్ అంటారు. 2022 అక్టోబరు 10న, ప్రపంచ మానసిక ఆరోగ్య దినం నాడు కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టిన సేవ, మనసు బాగోలేనివాళ్లకి ఫోనులో సాయం చేస్తారు. డబ్బు తీసుకోరు, రాత్రీ పగలూ ఎత్తుతారు, భాష ఎంచుకోవచ్చు, తెలుగు ఉంది. ఆ నంబరున్న కాగితం మా షాపు గోడకి నేనే అంటించాను, నాకోసం అని ఒక్కసారీ తోచలేదు. అవతల ఉన్న అమ్మాయి 'ఎప్పటి నుంచి ఏడవలేదు?' అని అడిగింది. 'ఎప్పటి నుంచి బాధపడుతున్నారు' అని అడిగి ఉంటే జవాబు చెప్పలేకపోయేవాణ్ని. దీనికి చెప్పగలిగాను. డాక్టరుకి చూపించుకోమంది. జనవరిలో బరంపురం మెడికల్ కాలేజీ ఆసుపత్రికి వెళ్లాను.

డాక్టరు గారు ఇది డిప్రెషన్‌లో ఒక రకమే అన్నారు, దుఃఖం కనపడకపోయినా. మాత్ర రాశారు. మందుల షాపు మనిషిగా రెండు మాటలు చెప్పాలి. ఈ మాత్రలు తలనొప్పి బిళ్లలాగ గంటలో పనిచేయవు, రెండు నుంచి నాలుగు వారాలు పడుతుంది. మధ్యలో సొంతంగా ఆపేయకూడదు. కొందరికి ఈ మందుల వల్లే మనసు మరింత మొద్దుగా అనిపించవచ్చు. అలా ఉంటే సిగ్గుపడకుండా డాక్టరుకి చెబితే మోతాదో మందో మారుస్తారు. మా షాపుకి వచ్చి చెప్పకుండా మానేసినవాళ్లు ఎందరో ఉన్నారు, అందుకే ఇంతగా చెప్తున్నాను.

పొరపాటు చేసిన వైద్య సిబ్బంది కూడా లోపల దెబ్బతింటారనీ, ఆల్బర్ట్ వూ అనే అమెరికా డాక్టరు 2000లో వాళ్లకి 'రెండో బాధితుడు' అని పేరు పెట్టారనీ కూడా బరంపురం డాక్టరు గారే చెప్పారు. ఆ పేరు నాకు నచ్చలేదు, ఇప్పటికీ నచ్చదు. గ్లూకోజు ఎక్కించుకున్నది నేను కాదు. బాధితుడు ఒక్కరే. ఆ వరసలో నా పేరు రాసుకోకుండానే నాకూ వైద్యం కావాలని ఒప్పుకోవచ్చు కదా అన్నాను. డాక్టరు గారు నవ్వి, 'అలాగే ఒప్పుకోండి' అన్నారు.

ఆయన ఇచ్చిన పని ఒకటుంది. ఎవరెవరు ఏమన్నారో నోటుబుక్కులో రాసి, ఎదురుగా అందులో నిజం ఎంతో రాయమన్నారు. మూడు రోజులు పట్టింది. 'చూడకుండా ఇచ్చావు': నిజం. 'ప్రాణాలు తీస్తున్నావు': తీయబోయిన మాట నిజం, తీయాలనుకున్న మాట అబద్ధం. 'ఇరవై ఏళ్ల నమ్మకం పోయింది': కొందరి విషయంలో నిజం, వాళ్లు ఇప్పటికీ రారు. 'చిన్నప్పట్నించీ అంతే': దీని ఎదురుగా చాలాసేపు ఏమీ రాయలేకపోయాను. చివరికి ఇరవై రెండేళ్లలో నా చేతి మీదుగా వెళ్లిన చీటీలు సుమారుగా లెక్కేసి ఆ అంకె రాశాను. దాని పక్కన 1 అని రాశాను, తెలిసినంతవరకు. ఆ 'తెలిసినంతవరకు' అన్న మాట కూడా రాశాను, ఎందుకంటే అదీ నిజమే.

మాఘమాసంలో పెద్దాయన ఇంటికి వెళ్లాను. ఆయన కొమ్ము పని చేస్తారు. పర్లాకిమిడి కొమ్ము కొంగల్నీ దువ్వెనల్నీ మీలో చాలామంది చూసే ఉంటారు. అరుగు మీద కూర్చుని ఒక కొంగ మెడకి ఆకురాయి పడుతున్నారు. కొమ్ము పొడి తెల్లగా పంచె మీద రాలుతోంది. నన్ను చూసి ఆకురాయి ఆపలేదు. 'ఎందుకొచ్చినావు?' అన్నారు. 'చీటీలో ఒకటి అని స్పష్టంగా ఉంది బాబాయ్ గారూ. నేను చూడలేదు. ఆ మాట మీకు చెప్పలేదు, చెప్పడానికొచ్చాను' అన్నాను.

క్షమించాను అనలేదు ఆయన. లోపలికి కేకేసి, 'ఏమే, ఈ బాబుకి ఆ రాత్రి సంగతి సెప్పు' అన్నారు. పిన్ని గడప దగ్గర నిలబడి చెప్పారు. లేపితే లేవకపోవడం, ఒళ్లంతా చన్నీళ్లు పోసినట్టు చెమట, పళ్లు బిగుసుకుపోతే సందులోంచి పంచదార నీళ్లు పోయబోవడం, ఎదురింటాయన స్కూటరు మీద మధ్యలో కూర్చోబెట్టి పడిపోకుండా తువ్వాలుతో కట్టుకుని తీసుకెళ్లడం. తువ్వాలు ఏ రంగో కూడా చెప్పారు. నేను విన్నాను. ఏదీ అడ్డం చెప్పలేదు. వింటుంటే నా చేతులు వణికాయి. ఏడు నెలల్లో నా ఒంట్లో కదిలిన మొదటిది అదే. పిన్ని చూసి, లోపలికి వెళ్లి మంచినీళ్ల గ్లాసు తెచ్చి నా ముందు పెట్టారు. ఇంకేమీ అనలేదు.

(ఇది చదివినవాళ్లకి ఒక్కమాట: షుగరు పడిపోయిన మనిషికి స్పృహ ఉండి మింగగలిగితే పంచదారో గ్లూకోజో ఇవ్వండి. స్పృహ లేకపోతే నోట్లో ఏమీ పోయకండి, ఊపిరితిత్తుల్లోకి పోతుంది. పక్కకి తిప్పి పడుకోబెట్టి ఆసుపత్రికి తీసుకెళ్లండి. పిన్నికి ఆ రోజే చెప్పాను.)

లేచి వస్తుంటే పెద్దాయన కొత్త చీటీ జేబులోంచి తీసి, 'ఇది ఏటి రాసున్నాదో సదువు' అన్నారు. చదివాను, అంకెతో సహా. తలూపి మళ్లీ జేబులో పెట్టుకున్నారు. మందులు ఇప్పటికీ వేరే షాపులోనే కొంటారు. అది ఆయన హక్కు. మహేంద్రతనయ నది దాటేటప్పుడు వంతెన మీద సైకిలు ఆపుకుని ఏడ్చాను. దారిన పోయేవాళ్లు చూశారు, చూడనీ అనుకున్నాను.

గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిన ఊరు మాది. పండితులు తప్పులన్న మాటల్ని, ఇవి జనం మాట్లాడే భాష అని నిలబడి చెప్పిన మనిషి. సవర భాష నేర్చుకోవడానికి కొండల్లో తిరిగి మలేరియా తెచ్చుకుని, దానికి వాడిన క్వినైనుతో చెవుడు తెచ్చుకున్నారు. క్వినైను మోతాదు మించితే వినికిడి పోతుందని చదువుకున్నప్పుడు నాకు మొదట గుర్తొచ్చింది ఆయనే. వినపడకపోయినా ఆయన ఆ భాషని వదల్లేదు. ఇప్పుడు మా షాపులో కుర్రాడు రోజుకో సవర మాట నేర్పుతుంటే, నేను తప్పు పలికినప్పుడు వాడు నవ్వుతాడు, నేనూ నవ్వుతాను. దెబ్బల లెక్క లేని తప్పు ఎలా ఉంటుందో ఇన్నాళ్లకి చూస్తున్నాను.

పత్రికకి నా విన్నపాలు రెండు. వైద్య సిబ్బంది పొరపాటు వార్త వేసేటప్పుడు విచారణ కాకముందే ఫొటోతో పాటు 'నిర్లక్ష్యం' అని పెద్దక్షరాల్లో వేయకండి. 'ఎలా జరిగింది' అని కూడా అడిగించండి. మందుల పొరపాట్లు తగ్గించాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2017లో ప్రత్యేకంగా ఒక కార్యక్రమమే పెట్టింది. చూడ్డానికీ వినడానికీ ఒకేలా ఉండే మందుల్ని విడివిడిగా ఉంచాలన్నది ఈ రంగంలో మొదటి పాఠాల్లో ఒకటి. ఏటా సెప్టెంబరు 17న రోగుల భద్రతా దినం వస్తుంది, ఆ రోజైనా ఒక పేజీ దీనికి ఇవ్వండి. రెండోది, 14416ని మీ జిల్లా పేజీలో అప్పుడప్పుడూ వేయండి, ముఖ్యంగా మా సరిహద్దు వాళ్లకోసం. బెంగళూరులోని మానసిక వైద్య సంస్థ నిమ్హాన్స్ వారు 2015-16లో 12 రాష్ట్రాల్లో చేసిన జాతీయ సర్వేలో పెద్దవాళ్లలో నూటికి పది మందికి పైగా ఏదో ఒక మానసిక సమస్యతో ఉన్నారనీ, వాళ్లలో ఎక్కువమందికి వైద్యం అందడం లేదనీ తేలింది. ఆ పన్నెండింటిలో ఒడిశా లేదు, ఆంధ్రప్రదేశ్ లేదు. మేము రెండు వైపుల లెక్కలోనూ లేము. ఆసుపత్రిలో బోర్డులు ఒడియాలో ఉంటాయి, మనసులో మాట తెలుగులో ఉంటుంది. తెలుగులో చెప్పుకోవచ్చని తెలిస్తే చాలామంది ఫోను చేస్తారు.

షాపులో ఇప్పుడు ఒకరు మందు తీస్తే ఇంకొకరు పేరూ అంకే పైకి చదువుతాం. చేతికి ఇచ్చేటప్పుడు కొనేవాళ్లకి వినపడేటట్టు మళ్లీ చదువుతాం. కొందరు విసుక్కుంటారు. మొన్న కుర్రాడు దగ్గు మందు సీసా ఒకటి తప్పు తీసి, వాడే చూసుకుని, 'భాయినా, తప్పు తీశాను' అని అందరి ముందూ గట్టిగా చెప్పి మార్చుకొచ్చాడు. మా అమ్మాయికి నేనే ఫోను చేసి, దసరానాడు అడగాల్సినవన్నీ అడిగాను. మార్కులు ఒక్కొక్కటే చెప్పించుకున్నాను.

ఈ ఉత్తరం వేస్తే నా పేరు వేయకండి. సిగ్గుపడి కాదు, ఊళ్లో నన్ను ఎలాగూ పోల్చుకుంటారు. నా పేరు పట్టుకుని ఎవరైనా ఆ కొమ్ము పని పెద్దాయన ఇల్లు వెతుక్కుంటూ వెళ్లకూడదని.

ఇట్లు,
ఒక ఫార్మసిస్టు,
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా